స్టాఫు మేనేజరు కుర్చీ

ఆ సోమవారం పొద్దున్నే కృపానందం ఆదోనిలో మొదటి బస్సెక్కాడు. ఎమ్మిగనూరులో ఒక ఫైనాన్సు కంపెనీకి స్టాఫు మేనేజరు కావాలట. పది గంటలకు ఇంటర్వ్యూ. ఇరవై ఏళ్లు కూలీల హాజరు చూసిన పత్తి మిల్లు మూతపడి అప్పటికి నాలుగు నెలలైంది. ఏమడిగితే ఏం చెప్పాలో వారం రోజులుగా భార్య సుగుణమ్మకు అప్పజెబుతూనే ఉన్నాడు.

ఆఫీసు చేరేసరికి తొమ్మిదే అయింది. వరండాలో బెంచీకి జవాను అయ్యన్న అప్పుడే పచ్చరంగు పూసి ఉన్నాడు. వచ్చిన మనిషిని నిలబెట్టలేక లోపలి గదిలోని పెద్ద కుర్చీ చూపించాడు. "ఈడ కూసో సార్. సావుకారు కోడుమూరు నించి రావల్ల."

కాసేపటికి ఒక సన్నటి మనిషి వచ్చి, వంగి దండం పెట్టి, సర్టిఫికెట్లు బల్ల మీద పరిచాడు. పేరు నాగప్ప, ఊరు మంత్రాలయం, అదే ఉద్యోగానికి వచ్చాడు. ఆగమని కృపానందం చెయ్యెత్తితే, కానిమ్మన్నాడనుకుని మరింత జోరుగా చెప్పుకుపోయాడు. వింటూ వింటూ కృపానందానికీ ఆసక్తి పుట్టింది.

"పనోళ్లు నీ మాట ఇనకుంటే ఏం జేస్తావప్పా?" అని అడిగేశాడు.

"ముందు వాళ్ల మాట నేనింటా సార్."

పూట కూలి కోస్తానన్నది కృపానందం బట్టీపట్టిన జవాబు. అతడి మనసు చిన్నబోయింది.

తలుపు సందులోంచి ఇదంతా చూసిన సిబ్బందికి, కొత్త మేనేజరు అప్పుడే పనిలోకి దిగాడని నమ్మకం కుదిరింది. ముందుగా అయ్యన్న వచ్చాడు. "మాధవరంలో మా పాపకు కాన్పు సార్. నాలుగు దినాలు రజా గావల్ల." ఇరవై ఏళ్ల అలవాటు కొద్దీ కృపానందం, మంత్రసాని కుదిరిందా అని అడిగి, సెలవిచ్చి పోయి రమ్మన్నాడు. వెనకే ముగ్గురు గుమాస్తాలూ వచ్చారు. ఒకరికిచ్చి మరొకరికి ఎట్లా కాదంటాడు?

బస్సు టైరు పగిలి, యజమాని తిమ్మప్ప పదకొండింటికి దుమ్ము కొట్టుకుని వచ్చాడు. డబ్బు కట్టే కిటికీ దగ్గర జనం బారులు తీరి ఉన్నారు. లోపల ఒక్క గుమాస్తా లేడు. కృపానందం లేచి నిలబడి జరిగిందంతా దాచకుండా చెప్పాడు.

"నేనూ ఈ పనికే వచ్చినాను సార్. కానీ నా జవాబు కన్నా ఈయప్ప జవాబు బాగుండాది. ఈయన్నే పెట్టుకోండి." సుగుణమ్మ గుర్తొచ్చినా, పక్కనే ఉన్న నాగప్పను ముందుకు తోశాడు.

"నీ మాటే ఇంటా. ఒక్క పూటలో ఆఫీసు ఖాళీ జేసినోణ్ని ఎట్లా పెట్టుకునేది?" అన్నాడు తిమ్మప్ప.

నాగప్ప సర్టిఫికెట్లు మడిచాడు. "పోటీకొచ్చినోణ్ని పెట్టుకోమనే మనిషిని నేను యాడా సూళ్లేదు. ఆయనకే ఇయ్యండి సార్. నాకు ఆయన కింద గుమాస్తా పని సాలు."

కిటికీ బయట గోల పెరుగుతోంది. తిమ్మప్ప ఇద్దర్నీ పనిలో పెట్టుకుని అప్పటికప్పుడు కూర్చోబెట్టాడు. సాయంత్రం దాకా ఇద్దరే ఆఫీసు నడిపారు, బాగానే నడిపారు.

తలుపులు వేస్తుండగా నాగప్ప వచ్చి రెండు దినాలు రజా అడిగాడు.