ఉదయలక్ష్మి బొబ్బట్లు

ఆదివారం పొద్దున చక్రపాణి పెట్టుకున్న పని ఒక్కటే, ఫ్రిజ్‌లో మంచు కరిగించడం. పైన డీప్ ఫ్రిజ్‌లో గడ్డలు కట్టి తలుపు పడటం మానేసింది. ఇదివరకు ఈ పని ఆయన భార్య ఉదయలక్ష్మి చేసేది. ఆవిడ పోయి నాలుగు నెలలైంది. దిల్‌సుఖ్‌నగర్ కోచింగ్ సెంటర్లో ఏళ్ల తరబడి ఫిజిక్స్ చెబుతున్న మనిషికి మంచు ఎందుకు కడుతుందో తెలుసు గాని ఎలా తీయాలో తెలియదు. అట్లకాడతో కాసేపు గీకి చూసి, చివరికి స్విచ్ ఆపి కింద గుడ్డలు పరిచాడు.

ఆయన బెంగంతా ఆ మంచు వెనకున్న స్టీలు డబ్బా గురించి. అందులో ఉదయలక్ష్మి బొబ్బట్లున్నాయి. జబ్బు ముదిరిందని తెలిశాక ఆవిడ చేసిన ఏర్పాటు అది. పూర్ణం పెట్టి ఒత్తి, పచ్చి పోయేదాకా మాత్రం కాల్చి, మధ్య మధ్య కాగితం వేసి డబ్బాల నిండా సర్దింది. పొద్దున్నే కాఫీతో బొబ్బట్టు పడితే గాని ఆయనకు తెల్లవారినట్టుండదు. పెనం మీద నెయ్యి వేసి వెచ్చబెట్టుకోవడం కూడా నేర్పించి మరీ వెళ్లింది. మొదట్లో రోజూ ఏడుస్తూ తిన్నాడు. ఆఖరి డబ్బాకు వచ్చాక తినడం మానేశాడు. తలుపు తీసి ఒకసారి చూసుకుని, ఇడ్లీ తినడానికి హోటలుకు వెళ్లిపోయేవాడు. ఇవి కూడా అయిపోతే ఆవిడ చేతి వంట ఇక లోకంలో ఉండదు.

ఫ్రిజ్ ఆపితే ఇవి పాడవుతాయని డబ్బా పట్టుకుని మెట్లు దిగాడు. కింది వాటాలో ఉండేది ఇంటివాళ్లే, పోచంపల్లి నుంచి వచ్చి దిల్‌సుఖ్‌నగర్‌లో చీరల కొట్టు పెట్టుకున్న కుటుంబం. ఇంటి పెద్ద వజ్రమ్మ కర్మన్‌ఘాట్ గుడికి వెళ్లింది. కోడలు ప్రసన్న తలుపు తీసింది. డబ్బాలో ఏముందో, అది తనకు ఎంతటిదో చెబితే అక్కడే ఏడ్చేస్తానని చక్రపాణి ఆ మాట ఎత్తలేదు. "ఇది కాస్త డీప్ ఫ్రిజ్‌లో పెట్టమ్మా" అని ఆ అమ్మాయి చేతికిచ్చి, కళ్లు తుడుచుకుంటూ పైకి వెళ్లిపోయాడు.

ప్రసన్న డబ్బా తిప్పి చూసింది. అడుగున చుక్కలు చుక్కలుగా బాలనర్సయ్య అని మామగారి పేరు కొట్టి ఉంది. తమ డబ్బానే. ఆ రెండు వాటాల మధ్య గిన్నెలు తిరుగుతూనే ఉంటాయి, ఇచ్చిన గిన్నె ఎన్నడూ ఖాళీగా వెనక్కి రాదు. భార్య పోయినా సారు ఆ మర్యాద మరిచిపోలేదు, ఎక్కడో కొని మరీ నింపి తెచ్చాడనుకుని ఆ పిల్లకు కళ్లు చెమర్చాయి. అంత అభిమానంగా తెచ్చినవాటిని మంచులో పడేయడం బాగుండదనుకుంది. నేతితో వెచ్చబెట్టి, మళ్లీ డబ్బాలో సర్ది, కొట్టుకు బయల్దేరుతున్న భర్త శ్రవణ్‌కుమార్ చేతికిచ్చింది. ఆ రోజు పెళ్లి చీరలకు ఒక పెద్ద కుటుంబం వస్తోంది.

నేల తుడిచి, ఫ్రిజ్ స్విచ్ వేసి చక్రపాణి మళ్లీ దిగేసరికి డబ్బా లేదు. ప్రసన్న సంతోషంగా చెప్పిన సంగతి సగం విని గేటు దాటేశాడు. ఎల్‌బీ నగర్‌లో ఎక్కిన మెట్రోలో జనం అడక్కుండానే ఆయనకు చోటిచ్చారు. భుజం మీద నేల తుడిచిన గుడ్డ అలాగే ఉందని దిల్‌సుఖ్‌నగర్‌లో దిగాక కూడా ఆయన గమనించలేదు.

కొట్లో పెళ్లివారు చీరలు పరిపించుకుని బొబ్బట్లు తింటున్నారు. పెళ్లికూతురి మేనత్త మస్తున్నయని మెచ్చుకుంటూ మూడోది ముగించింది. డబ్బాలో ఒక్కటే మిగిలింది. దానివైపు కూడా ఆమె చెయ్యి సాగుతోంది. ఇవి నా భార్య చేసినవి, ఆవిడ ఇక లేదు, నాకిచ్చేయండి అని గుమ్మంలో నిలబడ్డ చక్రపాణి అనాలి. అంతమందిలో ఆ మాట రాలేదు. నోటికి దొరికిన మాట అనేశాడు.

"తినకండి. అవి నాలుగు నెలల కిందటివి."

చెయ్యి ఆగింది. కాని తినబోయేవాళ్లను ఆపే మాట తిన్నవాళ్లను ఏం చేస్తుందో ఫిజిక్స్ మాస్టారికి తట్టలేదు. మేనత్తకు ఉన్నపళంగా కడుపులో తిప్పింది. ఆమెను చూసి పెళ్లికూతురి తండ్రికి తిప్పింది. ఒకరు దవాఖానకు పోదామన్నారు, ఒకరు పెళ్లి ముందు ఇదేం అపశకునమన్నారు, ఇంకొకరు ఎదురు కొట్టు చూద్దామన్నారు. శ్రవణ్‌కుమార్ పరేషానై తల్లికి ఫోన్ చేశాడు. గుడి నుంచి నేరుగా ఆటోలో వజ్రమ్మ వచ్చి దిగేసరికి పెళ్లివారు చెప్పులు వెతుక్కుంటున్నారు.

వజ్రమ్మ నేరుగా డబ్బా దగ్గరికి వెళ్లింది. మిగిలిన బొబ్బట్టు తీసి, వాసన చూసి, అటూ ఇటూ తిప్పింది.

"ఇవి ఖరాబైనయని ఎవరన్నరు? నా చేతులతోని చేసిన. మంచుల పెడితే ఇంకా నాలుగు నెలలైనా ఏం గావు. కడుపుల తిప్పుతే ఎక్కువ తిని తిప్పుతున్నది."

మేనత్త సిగ్గుపడి చెప్పులు విడిచింది. చక్రపాణి మాత్రం నిలబడ్డచోటు నుంచి కదల్లేదు.

"అవి మా ఉదయ చేసినవి వజ్రమ్మగారూ" అన్నాడు మెల్లగా.

నోరు జారానని వజ్రమ్మకు అప్పుడు తెలిసింది. ఆయన భుజం మీది గుడ్డ తీసి పక్కన పెట్టి, స్టూలు జరిపి కూర్చోబెట్టింది.

"ఆఖరుకు ఆమెకు చేతులు ఎక్కడ లేసినయ్ సారూ? మీరు క్లాసులకు పోంగనే నన్ను పిలుస్తుండె. కుర్చీల కూసొని బెల్లం ఇంత, యాలకులు ఇంత అని చెప్తుండె, నేను చేస్తుంటి. మా డబ్బాలే నింపినం. మీకు చెప్పొద్దని నాతోని ఒట్టు పెట్టిచ్చుకున్నది."

"ఎందుకు?"

"నా చేతివి మీకు నచ్చయని ఆమెకు తెల్వదా? తెలిస్తే తినరు, పొద్దుగాల్నే పస్తుంటరు అన్నది. ఇప్పుడు జూస్తే మీరు తినకుంట దాచుకుంటిరి."

నిజమే. ఏటా ఉగాదికి వజ్రమ్మ పంపే భక్ష్యాలు ఆయన కొస తుంచి నోట్లో వేసుకుని, మా గోదావరి బొబ్బట్టు తీరే వేరని పక్కకు నెట్టేవాడు. అది విని ఉదయలక్ష్మి నవ్వి ఊరుకునేది. ఆ చేతి వంటనే ఇన్నాళ్లూ కళ్లకద్దుకుని తిన్నాడు.

చక్రపాణి ఏడ్చాడు. చీరల మధ్య, ముక్కూ ముఖం తెలియనివాళ్ల ముందు, వెక్కి వెక్కి ఏడ్చాడు. అవి ఆవిడ చేతివి కావని కాదు. ప్రాణం పోతున్నా, తన మొగుడు పొద్దున్నే ఆకలితో ఉంటాడేమోనని చేతులు లేవని మనిషి పడిన ఆరాటం ఆయనకు ఇవాళే తెలిసింది. మేనత్త కూడా కొంగుతో కళ్లొత్తుకుంది. తర్వాత పెళ్లివారు మళ్లీ కూర్చుని చీరలు తీసుకున్నారు.

మిగిలిన ఒక్కటి వజ్రమ్మ ఆయన చేతిలో పెట్టింది. దాచుకోకుండా అక్కడే తిన్నాడు. తీపి సరిగ్గా ఉదయలక్ష్మి చెప్పినంతే ఉంది.

మర్నాడు డబ్బా కడిగాడు. ఖాళీగా తిరిగి ఇవ్వకూడదు కనక, పుట్టి బుద్ధెరిగాక మొదటిసారి ఉప్మా చేసి, దాని నిండా పెట్టి కిందికి ఇచ్చాడు. అది ఎలా ఉందని ఎవరెంత అడిగినా, ఈసారి మాత్రం వజ్రమ్మ నోరు జారలేదు.