బడి మీటరు
మనిషి కరెంటును ఒక్కసారే కనిపెట్టాడు. దానిని తొమ్మిది కేటగిరీలుగా కనిపెట్టిన ఘనత మాత్రం విద్యుత్ సంస్థది. తీగలో వచ్చేటప్పుడు కరెంటంతా ఒకటే. మీటరు దాటాకే దానికి హోదా, గోత్రం, రేటు ఏర్పడతాయి.

టైర్ల షాపు పక్క సందులో ఆరు గదుల ప్రైవేటు బడి ఒకటి ఉండేది. దాన్ని నడిపే ఆవిడను పిల్లలూ, వాళ్ల తల్లిదండ్రులూ, చివరికి టైర్ల షాపువాడూ పెద్ద టీచరనే పిలిచేవారు. బడి లెక్కలు చూడటం, గంట కొట్టడం, వ్యాను తోలడం ఆవిడ తమ్ముడి పని. పదకొండేళ్లపాటు ఆ బడి విద్యాసంస్థల కేటగిరీలో బిల్లు కట్టుకుంటూ బుద్ధిగా బతికింది.

ఒకరోజు తనిఖీ అధికారి వచ్చాడు. ఆయన లోపల అడుగుపెట్టే సమయానికి రెండో తరగతి పిల్ల ఒకతి ఆఫీసు కిటికీలో నాణెం పెట్టి పెన్సిలు తీసుకుంటోంది. ఆయన చూశాడు. పుస్తకం తీసి ‘క్రయవిక్రయములు జరుగుచున్నవి’ అని రాసుకున్నాడు. మరుసటి నెల బిల్లులో బడి వాణిజ్య కేటగిరీకి మారిపోయింది. సినిమాహాళ్లూ, నగల దుకాణాలూ ఉండేది అందులోనే. (ఇంత గౌరవం ఆ బడికి అంతకుముందెప్పుడూ దక్కలేదు.) గడిచిన మూడేళ్ల తేడా కూడా కట్టమన్నారు.

ఇకమీదట పెన్సిళ్లు ఊరికే ఇచ్చేద్దామన్నాడు తమ్ముడు. ఇచ్చారు. రెండోసారి వచ్చిన అధికారి దాన్ని ‘వ్యాపారాభివృద్ధికై ఉచిత నమూనాల పంపిణీ’గా నమోదు చేసుకున్నాడు.

పెద్ద టీచరు విద్యుత్ ఆఫీసుకు వెళ్లింది. అక్కడ టారిఫ్ వర్గీకరణాధికారి అనే ఆయన ఆవిడను కూర్చోబెట్టి, మంచినీళ్లు ఇప్పించి, ఎంతో ఓపికగా వివరించాడు.

“వ్యాపారం అంటే ఏంటో మా నిబంధనల్లో ఉంది మేడమ్. చదువంటే ఏంటో లేదు. లేనిదాని కింద వేయడం కంటే ఉన్నదాని కింద వేయడం మాకు సులువు కదా.”

ఆవిడ కోర్టుకెక్కింది. లాయరు ఆవిడ దగ్గరే ఐదో తరగతి దాకా చదువుకున్నవాడు కాబట్టి ఫీజులో సగమే తీసుకున్నాడు. బడి నష్టాల్లో ఉందనీ, కాబట్టి అది వ్యాపారం కాదనీ వాదించాడు. అవతలి లాయరు లేచి, నష్టపోవడానికి ముందు వ్యాపారం చేసి ఉండాలి కదా అన్నాడు. కోర్టు ఈ మాటను ఏడాదిన్నరపాటు ఆలోచించింది.

ఆ తర్వాత, బడిలో నిజంగా చదువు జరుగుతున్నదో లేదో చూసి రమ్మని ఒక సంఘాన్ని పంపింది. ముగ్గురు సభ్యులు నాలుగో తరగతి వెనక బెంచీలో మోకాళ్లు ముడుచుకుని ఒక పూటంతా కూర్చున్నారు. (ఒకాయనకు భాగహారం అప్పుడే అర్థమైందని చెప్పుకుంటారు. నివేదికలో ఆ సంగతి లేదు.) పిల్లల నెత్తిన తిరిగే ఫ్యాను విద్యకు, టీచరు నెత్తిన తిరిగేది జీతం వచ్చే పనికి కాబట్టి వాణిజ్యానికి చెందుతాయని వాళ్లు తేల్చారు. పాఠం చెబుతూ టీచరు బెంచీల మధ్యకు నడిస్తే కేటగిరీలు కలిసిపోతాయి కాబట్టి, కేసు తేలేవరకు ఒకేచోట నిలబడాలని సూచించారు. ఆవిడ నిలబడింది.

ఈలోగా కరెంటు కోయకుండా ఉండాలంటే బిల్లులో సగం కడుతూ ఉండాలి. అందుకని ఫ్యాన్లు రెండో గంట కొట్టాకే వేసేవారు. పిల్లలు నోటుపుస్తకాలతో విసురుకుంటూ ఎక్కాలు చదివేవారు. ఒక ఎండాకాలం ఒకటో తరగతి పిల్ల కళ్లు తిరిగి బెంచీ మీద వాలిపోయింది. ఆ మధ్యాహ్నమే పెద్ద టీచరు వర్గీకరణాధికారి బల్ల ముందు నిలబడింది. ఈసారి కూర్చోలేదు.

“పిల్లలకు చెమటలు పడుతున్నాయండీ. ఆ చెమట ఏ కేటగిరీ?”

ఆయన కాసేపు నిజంగానే ఆలోచించి, ఆ ప్రశ్నను మూడు ప్రతుల్లో రాసిమ్మన్నాడు.

తల్లిదండ్రులు ఒక్కొక్కరే వచ్చి, మొహమాటపడుతూ టీసీ అడిగి తీసుకెళ్లారు. కేసు మొదలైన ఆరో ఏడుకు ఇరవైముగ్గురు పిల్లలు మిగిలారు. పెద్ద టీచరు వాళ్లను వెంటబెట్టుకుని రోడ్డవతలి పెద్ద స్కూలుకు నడిపించుకెళ్లి, ఎవరికి ఏ లెక్క రాదో, ఎవరు అడిగితే గాని నోరు విప్పరో అక్కడి వాళ్లకు పేరుపేరునా చెప్పి వచ్చింది. తమ్ముడికి అదే స్కూల్లో బస్సు డ్రైవరు ఉద్యోగం దొరికింది. అక్కకు ఆ మాట చెప్పడానికి అతనికి నాలుగు రోజులు పట్టింది. ఇంటి ఓనరు ఆ ఆరు గదులనూ పరుపుల షాపుకు అద్దెకిచ్చాడు.

ఏడో ఏట తీర్పు వచ్చింది. ముప్పైఎనిమిది పేజీలు. చదువు వ్యాపారం కాదనీ, అది జాతికి వెలుగనీ అందులో ఉంది. సదరు మీటరును శాశ్వతంగా విద్యాసంస్థల కేటగిరీలో ఉంచాలనీ, ఎక్కువగా వసూలు చేసినదాన్ని అదే మీటరు రాబోయే బిల్లుల్లో సర్దాలనీ ఉంది. వర్గీకరణాధికారి లేచి నిలబడి ఆవిడను అభినందించాడు.

“మరి నేను కట్టిన డబ్బు?” అని అడిగిందావిడ.

“మీటరుకు జమ చేసేశాం మేడమ్. గెలిచింది మీటరు కదా.”

కొన్ని నెలలకు తీర్పు కాగితం పట్టుకుని ఆవిడ పాత బడికి వెళ్లింది. పరుపుల షాపు యజమాని మర్యాదస్తుడు. బిల్లు సున్నా వస్తోందనీ, కారణం తెలియడం లేదనీ చెప్పి, కూర్చోమని ఒక పరుపు చూపించాడు. ఫ్యాన్లన్నీ తిరుగుతున్నాయి. కొనడానికి వచ్చినవాళ్లు పరుపుల మీద పడుకుని మెత్తదనం చూసుకుంటున్నారు. తీర్పు ప్రకారం అక్కడ చదువు కొనసాగుతున్నదో లేదో ఏటేటా చూసి ధ్రువీకరించాలి కాబట్టి, తనిఖీ అధికారి కూడా అదే సమయానికి వచ్చి నిలబడి రాసుకుంటున్నాడు. ఏం రాశారో చూడవచ్చా అని ఆవిడ అడిగింది. ఆయన పుస్తకం ఇచ్చాడు.

‘హాజరు: ఏడుగురు. అందరూ నిద్రలో ఉన్నారు. విధ్యాబోదన యథావిధిగా సాగుచున్నది.’

పెద్ద టీచరు సంచీలోంచి ఎర్రపెన్ను తీసింది. ఉండకూడని ఒత్తును కొట్టేసి, ఉండాల్సిన చోట పెట్టి, ఎందుకో ఆయనకు అర్థమయ్యేలా రెండుసార్లు పలికించి, పుస్తకం తిరిగి ఇచ్చేసింది.

ఆ గదుల్లో జరిగిన చివరి పాఠం అదే. దానికి మాత్రం టారిఫ్ సరిగ్గానే పడింది.