నాలుగు వేళ్ల వెడల్పు

దేశం కోసం కారు మారుస్తున్నానని కమినోదా నగర మేయర్ ఒనోదెరా గారు ప్రకటించారు. మునిసిపల్ ఆఫీసు మెట్ల మీద నిలబడి, జోరువానలో, గొడుగు కూడా పట్టుకోకుండా ప్రకటించారు. గొడుగు వెనకనించి సెక్షన్ చీఫ్ నెగిషి పట్టుకున్నాడు. పేపర్లో పడ్డ ఫొటోలో అతని చెయ్యి మాత్రం వచ్చింది.

"అమెరికా మన మీద అలిగింది. మన కార్లు వాళ్లు కొంటున్నారు, వాళ్ల కార్లు మనం కొనడం లేదు. టోక్యోలో మంత్రులు మాట్లాడుతూనే ఉన్నారు. మాటలతో అలక తీరుతుందా? నేను కొంటాను!" అన్నారు మేయర్ గారు.

నగరం డబ్బుతో కొంటానని ఆయన అనలేదు. ఇలాంటి చిల్లర వివరాలతో శ్రోతలను విసిగించే అలవాటు ఆయనకు లేదు.

వచ్చిన కారు మామూలుది కాదు. అమెరికాలో పుట్టి, స్టీరింగు కుడివైపుకి మార్పించుకుని, ఓడెక్కి సముద్రం దాటి, ఇక్కడ దిగగానే ముక్కు మీద జపాన్ కంపెనీ బిళ్ల పెట్టించుకున్న కారు. పెళ్లయ్యాక ఇంటిపేరు మారినట్టన్నమాట. అమ్మిన డీలరు మేయర్ గారి అభిమాన సంఘానికి అధ్యక్షుడు కావడం కేవలం ఆ డీలరు అదృష్టం.

"చూశావా నెగిషీ, దీంట్లో ఉన్న దౌత్యం? అమెరికావాడు చూస్తే వాళ్ల కారు. మన ఓటరు చూస్తే మన కారు. ఎవడికీ కోపం రాదు."

"నిజమేనండీ," అన్నాడు నెగిషి. ఇరవై ఏళ్ల సర్వీసులో అతను ఎక్కువగా వాడిన మాట అదే.

ఒక్కటే చిక్కు. అమెరికాలో దీన్ని చిన్నకారు అంటారట. కమినోదా చేరేసరికి అది పెద్దకారైపోయింది. పాతకారు కన్నా నాలుగు వేళ్లు వెడల్పెక్కువ. మేయర్ గారి ఇల్లు పాతపేటలో ఒక సందు చివర ఉంది. పాతకారు అద్దాలు ముడుచుకుని, ఊపిరి బిగపట్టి ఆ సందులో దూరేది. కొత్తది సందు మొదట్లోనే ఆగిపోయింది.

సందుకి ఎడమపక్క సాకే అనే బియ్యపు సారా బట్టీ గోడ. అది చారిత్రక కట్టడం. చరిత్ర మేయర్ గారి బావమరిదిది. కుడిపక్క హిసానో అనే వితంతువు సోయాపాల జున్ను, అదే టోఫు, చేసి అమ్మే దుకాణం. హిసానో నెగిషికి అత్తగారు.

"కారు ఇక్కడ ఆపుకుని నాలుగడుగులు నడిస్తే సరిపోతుందేమోనండీ," అన్నాడు నెగిషి, గొంతు తగ్గించి.

"వచ్చే నెల అమెరికా వాణిజ్య ప్రతినిధి మా ఇంటికి భోజనానికొస్తున్నాడు. వాళ్ల కారులోంచి దించి మన సందులో నడిపిస్తావా? దాన్నేమంటారో తెలుసా? నాన్ టారిఫ్ బ్యారియర్! సుంకం వెయ్యకుండానే వాళ్ల సరుకుని ఆపే అడ్డుగోడ!"

"అది మా అత్తయ్యగారి దుకాణమండీ."

"అదే. బ్యారియర్."

నెగిషి అడకత్తెరలో పోకచెక్కయ్యాడు. దుకాణం ముందరి గోడ కొట్టెయ్యాలి. ఆ గోడనానుకునే బావి ఉంది. హిసానో సోయా గింజలు నానబెట్టేది, పాలు కాచేది, గడ్డకట్టిన టోఫుని తేలేసేది ఆ నీళ్లలోనే. కుళాయి నీళ్లతో చేసి చూశారు ఒకసారి. తెల్లగా, మెత్తగా, తడిగా వచ్చింది. టోఫు మాత్రం రాలేదు. బావి పోతే దుకాణం పోయినట్టే. ఈ సంగతి నెగిషికి ఎవరూ చెప్పక్కర్లేదు. పెళ్లయినప్పటినించీ అతని పొద్దుటి సూపులో ఆ టోఫే.

అంగీకారపత్రం పట్టుకుని అత్తగారి ముందు కూర్చున్నాడు.

"నాలుగు వేళ్లేగా, అత్తయ్యా."

"పీక నొక్కడానికీ నాలుగు వేళ్లే చాలు, అల్లుడుగారూ."

"వెనకాల కొత్త బావి తవ్విస్తామన్నారు."

"బావి ఎక్కడుండాలో నీళ్లు చెప్తాయి. మీ మేయరు కాదు." ఆమె చేతులు తుడుచుకుంది. "నేను ముద్ర వెయ్యకపోతే మిమ్మల్నేం చేస్తాడు?"

"ఏం చెయ్యరు. కొండమీది శ్మశానం పనులు చూడ్డానికి పంపుతామన్నారు."

"మా అమ్మాయినీ అక్కడికే తీసుకెళ్తారా?"

హిసానో లేచి, దేవుడి అరలోంచి, సంతకం బదులు వేసే తన పేరు ముద్ర తెచ్చి, ఎర్రసిరా అద్ది కాగితం మీద నొక్కింది.

"ఇది దేశం కోసం కాదు. మీ మొహం చూసి," అంది.

నెగిషికి సిగ్గేసింది. సిగ్గుపడుతూనే, సిరా చెదరకుండా కాగితం మీద ఊదాడు.

గోడ కొట్టే ముందు హిసానో తొట్లూ బిందెలూ బావినీళ్లతో నింపుకుంది. ఆ తర్వాత మునిసిపాలిటీ వాళ్లొచ్చి బావిలో కంకర పోశారు. పోసే ముందు, ఆచారం ప్రకారం, బావికి ఊపిరాడ్డానికని ఒక వెదురు గొట్టం నిలబెట్టారు. కారు టైరుకి గుచ్చుకుంటుందని మేయర్ గారు ఆ గొట్టాన్ని నేలమట్టంగా కోయించారు. దాని మీద తారు వేశారు. 'మైత్రీ మార్గం' అని బోర్డు పెట్టారు.

ప్రతినిధి హాల్డేన్ గారు వచ్చారు. కారు స్టేషనుకి ఎదురెళ్లింది. సీట్ల మీద కంపెనీ ప్లాస్టిక్ తీయలేదు, దాని మీద తెల్లని లేసు తొడుగు. కొత్తకారు మాసిపోకూడదని చెప్పులు విప్పి ఎక్కాలన్నది మేయర్ గారి నియమం. హాల్డేన్ గారు బూట్లు ఒళ్లో పెట్టుకుని, మేజోళ్లతో కూర్చుని, ప్లాస్టిక్ కిర్రుకిర్రుమంటుండగా మైత్రీ మార్గం గుండా ప్రయాణించారు.

"కారెలా ఉందో అడుగు," అన్నారు మేయర్ గారు.

"చాలా బాగుందంటున్నారు," అంది దుబాసీ అమ్మాయి.

ముందుసీట్లో ఉన్న నెగిషికి ఆ పెద్దమనిషి అంతకన్నా ఎక్కువే మాట్లాడినట్టు అనిపించింది. దిగాక మెల్లగా అడిగాడు.

"'జపాన్ కార్లెప్పుడూ బాగుంటాయి' అన్నారండీ," అంది ఆ పిల్ల.

హాల్డేన్ గారు మేజోళ్లతోనే కారు ముందుకెళ్లి, వంగి, బిళ్ల చూశారు.

"మేయర్ గారూ, మీ ఊళ్లో ఒక్క అమెరికా కారూ నా కంటబడలేదు. ఆఖరికి మీది కూడా."

"అయ్యో, ఇది మీ కారేనండీ!"

"ముందు మీవాళ్ల పేరుంది."

"లోపలంతా మీదే!"

"లోపల చూసి రమ్మని నన్ను పంపలేదు."

ఇదంతా చూడ్డానికి చేరినవాళ్లలో ఒక ఫ్యాక్టరీ కార్మికుడు పక్కవాడితో, "మనకి ఓవర్‌టైం లేదు గానీ ఈయనకి ఫారిన్ కారు కావాల్సొచ్చింది," అన్నాడు. మేయర్ గారి దౌత్యం ఆ విధంగా ఇరుపక్షాలకూ చేరింది.

భోజనాల దగ్గర ప్రతినిధి చేపని పక్కకి నెట్టారు, ఊరగాయని వాసన చూసి వదిలేశారు. టోఫు మాత్రం తిన్నారు. ఇంకోటి అడిగారు. అదీ తిని, ఈ దేశం వచ్చాక మనసారా తిన్నది ఇదొక్కటేనని, చేసేచోటు చూస్తానని అన్నారు.

"మరమ్మతుల్లో ఉందని చెప్పు," అన్నారు మేయర్ గారు.

దాచుకున్న బావినీళ్లతో ఆ టోఫు చేసి తెచ్చిన హిసానో వంటగది గుమ్మంలో నిలబడి ఉంది. "ఇందాక కారులో దాని మీదుగానే వచ్చారని చెప్పు తల్లీ," అంది.

దుబాసీ మర్యాద తెలిసిన పిల్ల. ఆ చోటు నగరాభివృద్ధిలో కలిసిపోయిందని తర్జుమా చేసింది. హాల్డేన్ గారు సంతోషించి, అభివృద్ధి పేరు చెప్పి గ్లాసు ఎత్తారు. అందరూ ఎత్తారు. నెగిషి కూడా ఎత్తాడు.

వారం తిరక్కుండా మేయర్ గారు మళ్లీ మెట్లెక్కారు. మళ్లీ వాన. నెగిషి మళ్లీ గొడుగు.

"వాళ్లదీ కాక, మనదీ కాక, ఎవరిదో తెలియని కారు మన నగరానికి అక్కర్లేదు! పొదుపు కోసం, స్వచ్ఛమైన గాలి కోసం, రేపటినించి నేను సైకిలు మీద వస్తాను!"

చప్పట్లు మోగిపోయాయి. కారు డీలరు గారి దగ్గరికే తిరిగి వెళ్లింది. కొత్త బావి సంగతి నీటి సరఫరా విభాగం పరిశీలనలో ఉంది.

మర్నాడు పొద్దున్నే మేయర్ గారు మైత్రీ మార్గం నడిమధ్యన, గంట కొట్టుకుంటూ, సైకిలు తొక్కుతూ వచ్చారు. ఫొటోగ్రాఫర్లు వెనక్కి వెనక్కి నడుస్తూ ఫొటోలు తీశారు. ఆ వెనక నెగిషి, మేయర్ గారి బ్రీఫ్‌కేసు పట్టుకుని పరిగెత్తాడు.

మిగిలిన సగం దుకాణం ముందు, బోర్లించిన ఖాళీ తొట్టి మీద హిసానో కూర్చుని ఉంది.

"అల్లుడుగారూ," అని పిలిచింది.

నెగిషి ఆగాడు. "చెప్పండి, అత్తయ్యా."

"సైకిలుకి ఎంత వెడల్పు కావాలి?"