పైపుల కంపెనీలో గెలాక్సీ శాఖ

సౌదీలోని తబూక్‌లో పైపులూ మోరీలూ బాగుచేసే ఒక కంపెనీ, తన సేవలను విశ్వమంతటికీ విస్తరిస్తున్నట్టు ఒక ఆదివారం ఉదయం నోటీసు అంటించింది. అంతకుముందు ఆ సేవలు మూడు వీధులు దాటి ఎరగవు. కాబట్టి ఇది గణనీయమైన అభివృద్ధే.

కారణం చిన్నది. సొంత దేశస్థులు ఎందరు పనిచేస్తున్నారో చూసి కంపెనీలకు రంగులు వేసే నితాఖత్ లెక్కలో ఆ యేడు ఈ కంపెనీ ఎరుపులో పడింది. ఉండాల్సిన సౌదీవాళ్లలో ఒక తల తక్కువైంది. ఎరుపులో ఉన్న కంపెనీలో పరాయి దేశపు పనివాళ్లకు ఇకామా, అంటే అక్కడ ఉండే అనుమతి, పొడిగించరు. ఇకామా లేనివాడు దొరికితే విమానం ఎక్కిస్తారు.

కంపెనీ యజమాని, పనివాళ్లకు పూచీదారు అయిన కఫీల్ ఇంట్లో వంట చేసే మునిరత్నమ్మకు ఈ సంగతి విన్నప్పటి నుంచీ ముద్ద దిగలేదు. రాయచోటి పక్క పల్లె నుంచి ఆమె వచ్చి ఏడేళ్లు. నిరుడే కాళ్లావేళ్లా పడి కొడుకు ఉదయకిరణ్‌ను అదే కఫీల్ దగ్గర ప్లంబరుగా చేర్పించింది. వాడి ఇకామా గురువారంతో సరి. శుక్రవారం పోలీసులు వాణ్ణి పట్టుకోవడం, జైల్లో రొట్టె గట్టిగా ఉండటం, దాన్ని కొరికి వాడి పన్ను విరగడం దాకా ఆమె ఆదివారం మధ్యాహ్నానికే ఆలోచించేసింది.

"ఒక్క సౌదీ తల దొరికితే చాలక్కా, పచ్చలోకి వచ్చేస్తాం" అన్నాడు కడప నుంచి వచ్చిన గుమాస్తా దస్తగిరి. ఆఫీసంటే కఫీల్ ఇంటి ముందు గదే.

ఇంట్లో తలలకు కొదవ లేదు గానీ అన్నీ వాడేశారు. కఫీల్ నానమ్మ అప్పటికే వెల్డింగు ఫోర్‌మన్. ఆమె తొంభై ఏళ్ల అనుభవాన్ని కంపెనీ ఎంతో గౌరవిస్తుంది. బావమరిది రాత్రి షిఫ్టు. పగలు కూడా ఆయన్ను ఎవరూ చూడలేదు. మిగిలింది ముప్పై ఏళ్ల మేనల్లుడు ఫహద్. మోరీ మాటెత్తితే అతను లేచి బయటికి పోతాడు. అతనికి నచ్చింది లోకంలో ఒకటే, ఫోనులోని ఒక గెలాక్సీ బొమ్మ. విశ్వం ఇంకా పసిగుడ్డుగా ఉన్నప్పటిదట.

దస్తగిరి ఆ బొమ్మను అటు తిప్పి ఇటు తిప్పి చూశాడు. సింకులో నీళ్లు దిగేటప్పటి సుడిలాగే ఉంది. "ఇది మోరీ పని కిందికే వస్తుంది" అని తేల్చాడు. అలా ఫహద్ గారు సుడి గెలాక్సీ పర్యవేక్షకులయ్యారు. పైపుల గదికి బోర్డు వేలాడింది. గెలాక్సీ పూడుకుపోతే ఫోను చేయాల్సిన నంబరు కూడా రాశారు. బయటి గెలాక్సీ కదా, పరాయి దేశపు పనివాళ్లకు మల్లే తలపన్ను పడుతుందేమోనని కఫీల్ అడిగాడు. అదింకా దేశంలోకి దిగలేదు గనక పడదని దస్తగిరి ధైర్యం చెప్పాడు.

"ఎంత దూరం బాబా అది?" అని మునిరత్నమ్మ ఫహద్‌ను అడిగింది.

"దాని వెలుగు మన దాకా రావడానికే పన్నెండు వందల కోట్ల ఏళ్లు పట్టింది. మనం చూసేది అప్పటి వెలుగు. ఇప్పుడు ఎట్లుందో ఎవరికి తెలుసు" అన్నాడతను ఖర్జూరం నములుతూ.

ఆమెకు కొత్త దిగులు పట్టుకుంది. అంత వయసుది ఈపాటికి పోయుంటే? పోయిన కబురు గురువారం లోపలే అందితే? గెలాక్సీ పోతే పోస్టు పోతుంది, పోస్టు పోతే పచ్చ పోతుంది, పచ్చ పోతే పిల్లోడు పోతాడు. పసుపుగుడ్డలో రూపాయి బిళ్ల ముడుపు కట్టి పెట్టె అడుగున దాచింది. పూటపూటా టీ ఇస్తూ, "బాగుండాదా బాబా?" అని అడిగేది. అతను ఫోను చూసి, బాగుందనేవాడు.

"అమా, నాకు జరమొచ్చినప్పుడు గూడా ఇన్నిసార్లు అడగల్యా నువ్వు" అన్నాడు ఉదయకిరణ్.

"నీకు జరమొస్తే కషాయముండాది. దానికేముండాదిరా?"

బుధవారం తనిఖీ అధికారి వచ్చాడు. పర్యవేక్షకుడు ఆ వేళ సముద్రం వైపు షికారుకు పోయాడు.

"ఈ ఉద్యోగి ఎక్కడ?" అన్నాడు అధికారి.

దస్తగిరి రిజిస్టరు పేజీలు తిప్పసాగాడు. గహ్వా కాఫీ తెచ్చిన మునిరత్నమ్మ గిన్నెలు బల్ల మీద పెట్టింది. ఏడేళ్ల వంటింటి అరబ్బీ అంతా కూడదీసుకుని ఆమే చెప్పింది: "ఉండాడు సార్. ఆయన వెలుగు ఇంకా ఈడికి రాలేదు, అంతే."

అధికారి గెలాక్సీ బొమ్మను చాలాసేపు చూశాడు. అంత దూరపుదాన్ని నమ్మినవాళ్లం ఒక మేనల్లుణ్ణి నమ్మలేమా అనుకున్నాడు కాబోలు, "ఉద్యోగి ఉన్నాడు. వెలుగు దారిలో ఉంది" అని రాసుకున్నాడు. గుమ్మం పక్క మోరీలో భుజం దాకా చెయ్యి పెట్టి పనిచేస్తున్న ఉదయకిరణ్‌ను మాత్రం దాటుకుని వెళ్లిపోయాడు. చూడాల్సినవాళ్ల జాబితాలో వాడి పేరు లేదు.

సాయంత్రానికి కంపెనీ పచ్చబడింది. గురువారం ఇకామా వచ్చింది. మునిరత్నమ్మ ఊర్లో ఉన్న చెల్లెలు రెడ్డెమ్మకు ఫోను చేసి, జరిగిందంతా చెప్పింది. "లేనోళ్లను ఉండారని రాసుకుంటారు మేయ్. ఏం దేశమో, ఏమో."

"దానికేముందిలేక్కా" అంది రెడ్డెమ్మ. "ఈ ఏడేండ్లూ నువ్వు ఊర్లో ఉపాధి పనికి పోతానే ఉండావు. కాలవలో పూడిక తీస్తాండావు. హాజరు పట్టీలో ఒక్క దినం నాగా లేదు. మొన్న ఉత్తమ కూలీవని శాలువ గూడా కప్పినారు."

"ఎవురికి కప్పినారే?"

"కుర్చీకి."

మునిరత్నమ్మ గొంతు తగ్గించి, భయంభయంగా అడిగింది.

"ఎండలు ముదిరినాయి గదా మేయ్. ఆడ నేను బాగుండానా?"