పది ఇళ్ల వరుసకు ఒక నల్లా

మనిషన్నవాడు ఎవరి మనసూ నొప్పించరాదు! గోదావరిఖనిలో గని ఆఫీసు గుమాస్తా వామనరావు గారు తన బతుక్కి రాసుకున్న రాజ్యాంగంలో ఇదొక్కటే అధికరణం. మంథని నుంచి వచ్చిన ఈ ఆరేళ్లలో ఆయన నోట "కాదు" అన్న మాట విన్నవాళ్లు లేరు.

ఆ ఎండాకాలం ఆయన ఉండే క్వార్టర్ల వరుసకు కంపెనీ ఒక నల్లా మంజూరు చేసింది. ఇళ్లు పది, నల్లా ఒకటి. దరఖాస్తు రాసింది వామనరావు గారే. ఇంకేం, మిగతా తొమ్మిది ఇళ్ల వాళ్లూ ఒకరికి తెలియకుండా ఒకరు వచ్చి ఆయన చెవిన వేశారు. తొమ్మిది మందికీ ఆయన, నల్లా మీ ఇంటి ముందేనని అభయమిచ్చారు.

అలా వచ్చినవాళ్లలో సమ్మవ్వ ఒకతె. ఆమెకు ఎనిమిదో నెల. భర్త పోశం గనిలోకి దిగితే సాయంత్రానికి గాని పైకి రాడు. నీళ్లకు ఫర్లాంగు నడిచి బావికి పోవాలి.

"పంతులూ, బిందె నెత్తిన పెట్టుకుంటే కండ్లు తిరుగుతున్నయ్. జెర ఈ ఫికర్ తీర్చుండ్రి."

వామనరావు గారికి నిజంగానే కళ్లు చెమ్మగిల్లాయి. "అట్లనే బిడ్డా, మీ ఇంటి ముందే" అన్నారు.

సమ్మవ్వ ఇంటి ముందు జాగా అలికి, గుర్తుకు ఒక ఇటుక పెట్టి, పసుపు కుంకుమలు అద్దింది. తీరా పైపులు మోసుకొచ్చిన ఫిట్టరు ఆగయ్య చూస్తే, వరుసలో అలాంటి ఇటుకలు తొమ్మిది! ఇక్కడంటే ఇక్కడని తొమ్మిది మందీ అతన్ని తలోవైపు లాగారు. ఆఖరికి అందరూ వామనరావు గారి వైపు తిరిగారు. ఆయన కండువా సవరించుకుని అందరికేసీ సమానంగా నవ్వారు. ఒక్కరి పేరు చెబితే ఎనిమిది మనసులు నొస్తాయి కదా!

ఆగయ్య విసుగెత్తి జేబులోంచి దరఖాస్తు తీశాడు.

"పదో నంబరు క్వార్టరు అని రాసున్నది. ఎవరిదది?"

వామనరావు గారిది. దస్తూరీ కూడా ఆయనదే. నెల కిందట, ఇంకా ఎవరికీ మాట ఇవ్వకముందే, గడి ఖాళీగా వదిలితే దరఖాస్తు నొచ్చుకుంటుందని తన నంబరే నింపారు.

సాయంత్రానికి నల్లా పదో ఇంటి ముందు లేచింది.

మర్నాడు పొద్దున డ్యూటీకని తలుపు తీస్తే, మెట్ల మీద తొమ్మిది ఇటుకలు, వాటి మీద తొమ్మిది బిందెలు. వరండాలో సమ్మవ్వ చాప పరుచుకుని, బట్టల మూట పక్కన పెట్టుకుని కూర్చుంది.

"నల్లా మా ఇంటి ముందే అన్నరు గద పంతులూ. నల్లా జరగదాయె, నేనే జరిగిన. కాన్పు అయ్యేదాక ఇదే మా ఇల్లు."

కిటికీలోంచి భార్య విశాలాక్షమ్మ ఉరిమి చూస్తోంది. వామనరావు గారు "కాదు" అనడానికి నోరు తెరిచారు. అలవాటు లేని మాట, ఎంతకీ రాలేదు.

"అట్లనే బిడ్డా" అన్నారు.

అది విని, సమ్మవ్వ వెనక నిలబడ్డ తొమ్మిదో ఇంటి లస్మవ్వ కూడా నెత్తి మీది మూట వరండాలో దించింది.