కింద బిడ్డ లేని అక్షరం

శుక్రవారం ఉదయం ఏడింటికి పాంగ్ యీ ఆ రోజు చెయ్యాల్సిన పనులు ఒక చిన్న కాగితం మీద రాసుకున్నాడు. తొమ్మిదికి ఫ్యాక్టరీ గేటు మీద బ్యానరు కట్టించాలి. తొమ్మిదిన్నరకు పనివాళ్ళ చేత వాళ్ళ తల్లిదండ్రుల కాళ్ళు కడిగించాలి. పదింబావుకు పెద్దవాళ్ళను ఇళ్ళకు పంపాలి. పదకొండింటికి అమ్మను పళ్ళ డాక్టరు దగ్గరికి తీసుకువెళ్ళాలి. చివరి పని కింద రెండు గీతలు గీశాడు. ఆ డాక్టరు జినాన్ నగరం నుంచి నెలకొక్కసారి, చివరి శుక్రవారం మాత్రమే వస్తాడు. గడిచిన మూడు నెలలూ ఆ శుక్రవారం పాంగ్ యీ ఫ్యాక్టరీలోనే ఇరుక్కుపోయాడు.

ఇరుక్కుపోవడానికి కారణం మాతాపితృభక్తి. అతనిది కాదు, ఛైర్మన్ కోంగ్ గారిది.

కోంగ్ గారికి చ్యూఫూలో ప్లాస్టిక్ టబ్బుల ఫ్యాక్టరీ ఉంది. రెండేళ్ళ క్రితం వరకూ ఆయన మామూలు మనిషే. టీ తాగేవాడు, మేనేజర్లను తిట్టేవాడు, ఇంటికి పోయేవాడు. ఉన్నట్టుండి ఒకరోజు తాను కన్ఫ్యూషియస్ మహానుభావుడికి డెబ్బయ్యారవ తరం వారసుడినన్న సంగతి ఆయనకు గుర్తొచ్చింది. ఆ మహానుభావుడి ఇంటిపేరూ కోంగే, పుట్టిన ఊరూ చ్యూఫూయే; ఇక్కడ ఏ వీధిలో నిలబడి "కోంగ్!" అని కేకేసినా నలుగురు పలుకుతారు. వాళ్ళెవరికీ ఈ వారసత్వం ఇంతగా తలకెక్కలేదు. ఈయన మాత్రం ప్యాంటూ కోటూ మానేసి పాదాల దాకా వేలాడే అంగీ తొడిగాడు. రోజూ ఏడూ నలభైకి పనివాళ్ళంతా టబ్బులు పోతపోసే యంత్రాల ముందు వరుసగా నిలబడి ఆ మహానుభావుడి సూక్తులు వల్లించాలని ఆర్డరు వేశాడు. మూడు నెలల క్రితం చివరి శుక్రవారం సూక్తుల పోటీ పెట్టాడు. మరుసటి నెల అదే రోజు కన్ఫ్యూషియస్ గురువుగారి విగ్రహ ప్రతిష్ఠ. పోయిన నెల దణ్ణం పెట్టేటప్పుడు నడుము ఎంత వంచాలో శిక్షణ. ఆఫీసు పనులు చూసే పాంగ్ యీ మూడుసార్లూ సెలవడిగాడు. మూడుసార్లూ ఒకటే జవాబు: "మీ అమ్మగారి పళ్ళు ఎక్కడికీ పోవు పాంగ్!" అవి పోవడమే అసలు సమస్య అని చెప్పే ధైర్యం అతనికి లేకపోయింది.

ఇవాళ జరగబోయేది తల్లిదండ్రులను గౌరవించే మహాసభ. ఆవరణలో అరవై ఎర్ర టబ్బులు, వాటి పక్కన అరవై ముక్కాలి పీటలు వేశారు. జిల్లా అధికారిణి లువాన్ మేడమ్ వస్తుంది. నచ్చితే 'ఆదర్శ సంస్థ' ఫలకం ఇస్తుంది. ఆ ఫలకం కోసం గోడకు మేకు కూడా కొట్టించి ఉంచాడు ఛైర్మన్.

ఏడుంబావుకు అమ్మ ఫోన్ చేసింది. ఆమె ఊరికి అవతలి కొసన ఉంటుంది. ముప్ఫై ఏళ్ళు చిన్నపిల్లల బడిలో పాఠాలు చెప్పి రిటైరైంది.

"ఒరేయ్ యీ, నిన్న వచ్చిన ఆహ్వానం కార్డులో..."

"కార్డు సంగతి తర్వాతమ్మా. పదకొండింటికి పళ్ళు. ఇంట్లోనే రెడీగా ఉండు."

"పళ్ళు కాదురా, అక్షరం..."

"వస్తున్నా, వస్తున్నా!" అంటూ పెట్టేశాడు. అక్షరాల మీదికి పోయిందంటే ఆవిడ అరగంటకు తక్కువ మాట్లాడదు.

ఎనిమిదిన్నరకే తల్లిదండ్రులు రావడం మొదలైంది. అది మొదటి వింత. ఉచిత భోజనానికి కూడా గంట ఆలస్యంగా వచ్చే మనుషులు, ఇవాళ గంట ముందే వచ్చి, మొహాలు పాలిపోయి, గోడవైపు తిరిగి ఏవో గొణుక్కుంటున్నారు. మెషీన్ ఆపరేటరు తండ్రి షీ తాత, పాంగ్ యీ చెయ్యి పట్టుకుని పక్కకు లాగాడు.

"బాబూ, ఎన్ని తప్పులైతే ఫెయిలు?"

"దేనికి తాతా?"

"నాకేం తెలియదనుకోకు. మా వాడి ఉద్యోగం నా చేతుల్లో ఉందని కార్డు చూడగానే అర్థమైంది."

పెద్దాయన కాళ్ళు కడిగించుకోవడానికి సిగ్గుపడుతున్నాడు కాబోలనుకున్నాడు పాంగ్ యీ. "మీరు చేసేదేం లేదు తాతా. సాక్సులు విప్పి కూర్చోండి, చాలు."

షీ తాత ఒక కాలు రెండో కాలి వెనక దాచాడు. "సాక్సులు కూడా విప్పిస్తారా?"

"అందరివీ!"

ఆ మాట ఆవరణంతా పాకింది. ఐదు నిమిషాల్లో మరుగుదొడ్డి ముందు నలభై మంది వరుస కట్టారు. పది నిమిషాల్లో గొట్టం మూసుకుపోయి నీళ్ళు వరండాలోకి వచ్చాయి. పాంగ్ యీ చీపురు పట్టుకుని పరుగెత్తి చూస్తే, నీళ్ళలో చిన్న చిన్న కాగితం ముక్కలు తేలుతున్నాయి. ఇదేం మనుషులో, దీనికేం అర్థమో అని తిట్టుకుంటూ ఊడ్చాడు. ఆ హడావుడిలో గేటు మీద బ్యానరు ఎప్పుడు ఎక్కిందో చూడనే లేదు.

తిరిగి వచ్చేసరికి అమ్మ ముందు వరుసలో పీట మీద కూర్చుని ఉంది. చేతిలో ఉల్లికాడ చుట్టిన జొన్నరొట్టె. కొడుకును చూసి నోరంతా తెరిచి నవ్వింది.

"ఇక్కడికెందుకొచ్చావమ్మా? ఇంట్లోనే ఉండమన్నాగా!"

"కార్డు పంపి పిలిచావుగా, వచ్చాను. ఒక్కసారి ఆ గేటు మీదికి చూడరా నాయనా."

"నాకు తల తిప్పే తీరికుందా? ఇక్కడే కూర్చో. కదలకు."

అమ్మ కదల్లేదు. రొట్టె కరకరా కొరుక్కుంటూ కూర్చుంది.

తొమ్మిదిన్నరకు లువాన్ మేడమ్ కారు ఆగింది. ఛైర్మన్ అంగీ అంచు ఎత్తి పట్టుకుని ఎదురెళ్ళి, నడుము సరిగ్గా నేర్పినంత వంచాడు. ఆవిడ తలెత్తి బ్యానరు పైకే చదివింది.

"తల్లిదండ్రులను పరీక్షించే మహాసభా?"

పాంగ్ యీ అప్పుడు చూశాడు. చైనా లిపిలో పైన ముసలివాడు, కింద అతన్ని మోస్తున్న బిడ్డ ఉంటే అది 'శ్యావ్', అంటే తల్లిదండ్రుల మీద భక్తి. ఆ బిడ్డను తీసేసి ఒక వంకర గీత పెడితే 'ఖావ్', అంటే పరీక్ష. బ్యానరు మీద మనిషెత్తు అక్షరంలో బిడ్డ లేడు. నిన్న ఇంటింటికీ వెళ్ళిన కార్డులు కూడా అదే షాపులో అచ్చయ్యాయి. గొణుగుళ్ళు, సాక్సులు, మూసుకుపోయిన గొట్టం, అన్నీ అతనికి ఒక్కసారిగా అర్థమయ్యాయి.

గురువుగారి వంశంలో పుట్టి సొంత గేటు మీద అక్షరం తప్పు రాయించానని ఒప్పుకోవడం కంటే గేటుకు ఉరేసుకోవడం నయమనిపించి ఉంటుంది ఛైర్మన్‌కు. "అవునండీ. పరీక్షే," అన్నాడు బిగ్గరగా. "ఇది మా కొత్త పద్ధతి."

"భలే! ఎవరు ఎవరిని పరీక్షిస్తారు?"

"ఆ వివరాలు మా పాంగ్ చెప్తాడు," అంటూ ఛైర్మన్ వెనక నుంచి అతని నడుము గిల్లాడు. "పది నిమిషాల్లో ప్రశ్నలు లేకపోతే నీ సంగతి చెప్తా," అన్నాడు పళ్ళు బిగించి.

పాంగ్ యీ పక్కకు వెళ్ళి అచ్చు షాపుకు ఫోన్ చేసి నోటికొచ్చినట్టు తిట్టాడు. అవతలివాడు శాంతంగా, "మీరు పంపిన కాగితం ఫోటో పెడుతున్నా, చూసుకోండన్నా," అన్నాడు. చూశాడు. చేతిరాత తనదే. పోయిన మంగళవారం అమ్మ ఫోన్లో ఏదో చెబుతుంటే, ఫోను చెవికీ భుజానికీ మధ్య ఇరికించుకుని, ఊఁ కొడుతూ రాసిన కాగితం. అక్షరంలో బిడ్డ లేడు.

ఇంతలో ఆవరణలో గోల మొదలైంది. షీ తాత సాక్సులు విప్పనంటున్నాడు. కొడుకు బతిమాలి ఒకటి లాగేసరికి, మడతపెట్టిన చీటీ జారి టబ్బులో పడింది. లువాన్ మేడమ్ దాన్ని తీసి విప్పింది.

"పెద్ద టబ్బు అరవై సెంటీమీటర్లు, మధ్యది నలభై అయిదు... ఇదేమిటి తాతా?"

షీ తాత భోరుమన్నాడు. "మా వాణ్ణి తీసెయ్యకండమ్మా. రాత్రంతా కూర్చుని చదివాను. ఈ వయసులో ఏదీ బుర్రలో నిలవడం లేదు."

పాంగ్ యీకి దుఃఖం వచ్చింది, దాని వెనకే ఒళ్ళు మండింది. ఛైర్మన్ మీదో, తన మీదో తేల్చుకునే తీరిక లేదు. టైము పదీ పది.

"పరీక్ష మీకు కాదు తాతా!" అని అరిచాడు. "మాకు! దిద్దేది మీరు!"

అంటూనే బోర్డు మీద మూడు ప్రశ్నలు గీకేశాడు. మీ అమ్మ లేదా నాన్న చెప్పుల సైజెంత? వారికి అసలు గిట్టని తిండి ఏది? ఇప్పుడు వారికి ఎక్కడ నొప్పిగా ఉంది? కొడుకులూ కూతుళ్ళూ కాగితాలు పట్టుకుని బిక్కమొహాలు వేశారు. చాలామంది చెప్పుల సైజు చూడ్డానికి పీటల కిందికి వంగారు.

"ఛైర్మన్ గారు రాయరా?" అంది లువాన్ మేడమ్.

ఛైర్మన్ రాయక తప్పలేదు. మొదటి పీట మీద కూర్చున్న ఆయన తండ్రి, ఎనభై మూడేళ్ళ పెద్ద కోంగ్ గారు, కళ్ళజోడు సర్దుకుని, కొడుకు కాగితం ఊరందరికీ వినబడేలా చదివాడు.

"గిట్టని తిండి ఏదీ లేదు, నాన్నగారు అన్నీ ఇష్టంగా తింటారు... ఒరేయ్ దున్నపోతా! నాకు చేపంటే వాంతి. రెండేళ్ళ నుంచి ప్రతి ఆదివారం హోటలుకు ఈడ్చుకెళ్ళి చేపే పెట్టిస్తున్నావు!"

"వద్దని చెప్పొచ్చుగా నాన్నా!"

"చెప్పాను! నువ్వు ఫోన్లో సూక్తులు వింటున్నావు!"

లువాన్ మేడమ్ కళ్ళు తుడుచుకుంటూ నవ్వింది. పెద్దాయన మూడు ప్రశ్నలకూ కలిపి సున్నా వేసి, చుట్టూ ఇంకో గుండ్రం చుట్టాడు.

పాంగ్ యీ తన కాగితం అమ్మ ఒళ్ళో పడేశాడు. మిగతావి ఎలా ఉన్నా మూడో జవాబు మీద మాత్రం అతనికి అనుమానం లేదు. 'పళ్ళు' అని రాసి, కింద రెండు గీతలు గీశాడు.

"తొందరగా దిద్దమ్మా. పదీ నలభై. డాక్టరు వెళ్ళిపోతాడు."

అమ్మ సంచిలోంచి ఎర్ర పెన్ను తీసి మూడో జవాబు మీద ఇంటూ పెట్టింది.

"అదేంటి?"

"పళ్ళు కట్టించుకుని నెలైందిరా." ఆమె నోరు తెరిచి చూపించింది. పైన, కింద, రెండు వరుసలూ తళతళలాడుతున్నాయి. పొద్దున్నుంచి ఆ పళ్ళతోనే అతన్ని చూసి నవ్వుతోంది, ఆ పళ్ళతోనే జొన్నరొట్టె కొరికి తింది. "పోయిన నెల నువ్వు రాకపోతే నేనే మూడో నంబరు బస్సెక్కి వెళ్ళొచ్చా. దిగుతూ పడ్డాను. అప్పట్నుంచీ మోకాలు."

"నాకెందుకు చెప్పలేదు?"

"మంగళవారం ఫోన్లో చెప్పాగా. ఊఁ ఊఁ అన్నావు. ఏదో రాసుకుంటున్నావు."

అతను టబ్బు ముందు కూలబడి ఆమె ప్యాంటు అంచు పైకి మడిచాడు. మోకాలు వాచి ఉంది. పళ్ళ డాక్టరు వచ్చే వ్యానులోనే కీళ్ళ డాక్టరు కూడా వస్తాడు. పన్నెండు దాకా ఉంటాడు. పాంగ్ యీ లేచి ఛైర్మన్ వైపు చూశాడు. ఛైర్మన్ తన సున్నా వైపు చూసుకుంటున్నాడు. సెలవు అడగడం అనవసరమనిపించింది.

అమ్మను భుజం పట్టి నడిపించి గేటు దాకా తీసుకొచ్చి, గోడకు ఆనించి నిలబెట్టాడు. ఆవిడ తలెత్తి బ్యానరు చూసి నిట్టూర్చింది.

"ఒకటో క్లాసులో నీకు వందసార్లు రాయించాను. కింద బిడ్డ ఏడిరా?"

"స్కూటరు తేవడానికి వెళ్తున్నాడమ్మా, ఇక్కడే ఉండు," అన్నాడు పాంగ్ యీ.