గిటారు కోసం ముగ్గు మానిన పూట

ఆ పొద్దున సుబ్బలక్ష్మమ్మ పెట్టుకున్న పని ఒక్కటే. మధ్యాహ్నం దాకా ఇంట్లో చీమ కూడా చప్పుడు చేయకుండా చూడాలి.

మిద్దె మీద గదిలో కొడుకు యశ్వంత్ గిటారు ఆల్బం రికార్డు చేస్తున్నాడు. జాజ్ ఫ్యూజన్ అట. ప్రొద్దుటూరులో ఇంతవరకు ఎవరూ చేయలేదట. ఎవరూ చేయలేదంటే అందులో ఏదో ప్రమాదం ఉండే ఉంటుందని ఆమె నమ్మకం.

"జాజ్ అంటే ఏందిరా?" అని అడిగితే, "అందరూ తలా ఒక దోవన పోయి ఆఖర్న ఒక్కచోట కలుసుకునేది మా," అన్నాడు.

"దోవ తప్పితేనో?" అన్నదామె వెంటనే.

ఇక ఒక్క పాటే మిగిలింది. డ్రమ్స్ వాయించే అద్నాన్ సాయంత్రం చెన్నై రైలెక్కాలి, అక్కణ్ణుంచి కువైట్. ఈ పూట కాకపోతే ఆల్బమే లేదు. చప్పుడు లోపలికి రాకుండా ఇంట్లో ఉన్న పరుపులూ బొంతలూ తీసుకుపోయి గోడలకు వేలాడదీశారు. అయినా నిన్న ఒకసారి కుక్కర్ కూసింది, ఒకసారి రామాంజులు దగ్గాడు. రెండుసార్లూ యశ్వంత్ తల పట్టుకుని కూర్చున్నాడు. ఆ తలకు ఏమవుతుందోనని ఆమెకు రాత్రంతా నిద్ర లేదు.

రామాంజులు ఆమె భర్త. గుడ్డల అంగడి ఉంది. దగ్గు కూడా ఉంది. ఎక్స్‌రేలో ఏమీ లేదని డాక్టరు చెప్పినా, మిషనే చెడిపోయి ఉంటుందని ఆమె అనుమానం.

"నువ్వు కమలాపురం పోయి మీ చిన్నాయనను చూసిరాపో," అన్నది.

"మా చిన్నాయనకు ఏమైంది?"

"ఏమీ కాలా. ఏమన్నా అయినంక పోతావా?"

ఆయన ఫోన్ మరిచిపోయి మరీ పోయాడు. అది మోగుతుందేమోనని, తన ఫోన్‌తో కలిపి పాత చీరలో చుట్టి బీరువాలో దాచిపెట్టింది. చీపురు గరగరమంటుందని వాకిలి ఊడవలేదు. బకెట్ కమ్మి టకటకమంటుందని నీళ్లు చల్లలేదు. అలా ముగ్గూ పడలేదు. పొయ్యి వెలిగించలేదు. బొరుగులు తిందామంటే కరకరమంటాయని అరటిపండు ఒకటి మింగి కూర్చుంది.

ఎదురింటి షాహీదాబీ ఇదంతా గమనిస్తూనే ఉంది. ముగ్గు లేదు, తిరగమాత వాసన లేదు, ఎప్పుడూ తీసి ఉండే తలుపు మూసి ఉంది. ఆ వీధిలో ఈ మూడూ కలిసి వచ్చేది చావింట్లోనే. వచ్చి మెల్లగా తలుపు తట్టింది. ఆ చప్పుడు పైన రికార్డయిందేమోనని సుబ్బలక్ష్మమ్మకు కళ్లలో నీళ్లు తిరిగాయి. ఓరగా తలుపు తీసి నోటిమీద వేలు పెట్టుకుంది.

"అన్న యాడక్కా?" అన్నది షాహీదాబీ గుసగుసగా.

నోరు తెరవలేక సుబ్బలక్ష్మమ్మ లేడన్నట్లు చెయ్యి అడ్డంగా ఊపి తలుపు వేసేసింది.

షాహీదాబీ ఏడుస్తూ జమ్మలమడుగులో ఉన్న సుబ్బలక్ష్మమ్మ చెల్లెలు గాయత్రికి ఫోన్ చేసింది. గాయత్రి బావకు చేస్తే ఎత్తలేదు, అక్కకు చేస్తే ఎత్తలేదు. పులివెందులలో ఉన్న తమ్ముడు ధనుంజయ్ మాత్రం మొదటి రింగుకే ఎత్తాడు. దేనికైనా ముందుండే మనిషి. గాయత్రి మాట ముగించేలోపే పూలదండకూ, చావుకు తప్పెట్లు కొట్టేవాళ్లకూ చెప్పేశాడు.

పైన ఆఖరి పాట మొదలైందో లేదో, జమ్మలమడుగు ఆటో, తప్పెట్లవాళ్లతో పులివెందుల జీపు ఒక్కసారే వాకిట్లో ఆగాయి.

"బావా! మమ్మల్నిడిసి పోతివా బావా!"

సుబ్బలక్ష్మమ్మ చేతులు ఊపుకుంటూ బయటికి పరుగెత్తింది. "అరవగాకండి! సప్పుడు చేయగాకండి!"

"కడుపులో పెట్టుకోగాకక్కా, ఏడ్చెయ్," అని గాయత్రి ఆమెను పట్టుకుంది.

"ఎవురికి ఏమైందే?"

"తెలీనట్లు అడుగుతాండావే! బావ పోయినాడంట కదా!"

ఇంకొకరైతే నవ్వేవారు. సుబ్బలక్ష్మమ్మ ఆలోచించింది. ఆయన ఎక్కింది బస్సు. చేతిలో ఫోన్ లేదు. పైగా దగ్గు. ఇంతమంది బండ్లు కట్టుకుని ఉత్తపుణ్యానికి వస్తారా? తనకంటే ముందే వీళ్లకు తెలిసిపోయింది.

"నేనే పంపిస్తినే! పోనంటాండే మనిషిని నేనే తోలితినే!" అని అరుగుమీద కూలబడి అందరికంటే గట్టిగా ఏడ్చింది. అక్కే ఏడ్చేసరికి ధనుంజయ్‌కు ఉన్న కాస్త అనుమానమూ తీరింది. తప్పెట్లవాళ్లకు సైగ చేశాడు.

ఆ మోత పరుపులనూ బొంతలనూ దాటుకుని గదిలోకి పోయింది. కాసేపటికి కిటికీలోంచి యశ్వంత్ తల బయటికి వచ్చింది.

"ఆపగాకండప్పా! అట్లే కొట్టండి! శానా బాగుంది! మా, నువ్వు ఇంగా గట్టిగా ఏడు!"

"అయ్యో, నాయన పోయిన దిగులుకు పిల్లోనికి మతి పాయె," అన్నది గాయత్రి.

చిన్నాయన ఊళ్లో లేకపోవడంతో రామాంజులు అప్పుడే తిరిగి వచ్చాడు. ఇంటిముందు గుంపును చూసి, వెనక నిలబడ్డ ముసలాయనను అడిగాడు.

"ఎవురప్పా పోయింది?"

"గుడ్డలంగడి రామాంజులు," అన్నాడాయన తల తిప్పకుండానే. "మంచోడే పాపం. మీటరుకు బెత్తెడు తక్కువ కొలుస్తాండె, అంతే."

 రామాంజులుకు దగ్గు తెరలు తెరలుగా వచ్చింది.

ఆ దగ్గు లోకంలో ఒక్కరిదే. సుబ్బలక్ష్మమ్మ జనాన్ని తోసుకుంటూ వచ్చి ఆయన చొక్కా పట్టుకుంది. "దగ్గు! ఇంగా దగ్గు! వాని పాట ఏమన్నా కానీ, నువ్వు దగ్గు!"

తప్పెట్లు ఆగిపోయాయి. తెచ్చిన దండను ఏం చేయాలో తెలియక ధనుంజయ్ బావ మెడలోనే వేశాడు.

అద్నాన్‌కు రైలు అందింది. ఆల్బం పూర్తయింది. ఆఖరి పాటలో గిటారు ఒక దోవన, తప్పెట్లు ఒక దోవన, అక్కచెల్లెళ్ల ఏడుపు ఒక దోవన పోయి ఒక్కచోట కలుసుకుంటాయి. కలుసుకున్న చోట రామాంజులు దగ్గుతాడు. విన్నప్పుడల్లా సుబ్బలక్ష్మమ్మ, "ఆ దగ్గుకు ఇంగో ఎక్స్‌రే తీయించాల," అంటుంది.

రామాంజులు ఆ పాట గురించి మంచీ చెడ్డా ఏమీ అనడు. అంగడిలో మాత్రం మీటరుకు బెత్తెడు ఎక్కువే కొలుస్తున్నాడు.